యమునకి అవతలి కోర్టు

ఇందిరాపురం,
6 ఫిబ్రవరి 2024

చి. భానుశ్రీకి ఆశీస్సులు.

నువ్వు వెళ్ళిన మర్నాడే రాద్దామనుకున్నాను. పోస్టాఫీసు ఎక్కడుందో కనుక్కోవడానికి ఇన్నాళ్ళు పట్టింది. ఈ కాలనీలో జిమ్ములు ఎక్కడున్నాయో అందరికీ తెలుసు.

ఫోన్‌లో మాట్లాడవద్దు. నీ నంబరు, నా నంబరు రెండూ మావాడు వరుణ్ పేరు మీదే ఉన్నాయి. మీ అత్తయ్య పోయాక నా ఫోన్ వాడే సరిచేసి పెట్టాడు. ఎంత బాగా సరిచేశాడంటే, నేను ఎవరికి ఏం రాసినా వాడి లాప్‌టాప్‌లో కనిపిస్తుంది. పోస్టు పగటిపూట వస్తుంది. అప్పుడు వాడు నోయిడాలో ఆఫీసులో ఉంటాడు. కనుక ఉత్తరం రాయి.

ఇంట్లో అంతా బాగుంది. అంటే గ్యాసు, నీళ్ళు, లిఫ్టు పనిచేస్తున్నాయి.

జనవరిలో జరిగినదాని గురించి వరుణ్ అందరికీ ఒకటే చెబుతున్నాడు. నువ్వు బట్టలు ఆరేయడానికి బాల్కనీలోకి వెళ్ళావట. గాలికి తలుపు పడిందట. తను చూసుకోకుండా ఆఫీసుకి వెళ్ళిపోయాడట. నేను పాలకి వెళ్ళి, మందుల షాపులో ఆగి, తిరిగి వచ్చేసరికి నువ్వు ఆ పొగమంచులో పల్చటి చీరతో గోడకి ఆనుకుని కూర్చున్నావు. తలుపుకి లోపలి వైపు గడియ పెట్టి ఉంది. తీసింది నేను. ఆ తర్వాత నీ మణికట్టుకి కట్టు కట్టించింది కూడా నేనే. కాబట్టి అందరికీ చెప్పేది వాడు నాకు చెప్పడు.

నువ్వు ఏం చేయదలుచుకున్నావో రాయి. తిరిగి రమ్మనడానికి రాయడం లేదు. రావద్దనడానికీ కాదు.

నీ కళ్ళజోడు పార్సిల్‌లో పంపుతున్నాను.

మీ మామయ్య,
భీమేశ్వరరావు


ఆర్.కె. పురం,
14 ఫిబ్రవరి

మామయ్యగారికి నమస్కారాలు.

కళ్ళజోడు అందింది. ఇన్నాళ్ళూ ఆఫీసులో కంప్యూటరు మీదకి ఒంగి కూర్చుంటే పక్క సీటు అమ్మాయి "దీదీ, స్క్రీన్‌లోకి దూరిపోతారా ఏంటి" అంది.

పిన్ని, బాబాయి బాగా చూసుకుంటున్నారు. రెండు గదుల సర్కారు క్వార్టరు, నలుగురు మనుషులు. నేను హాల్లో దివాను మీద పడుకుంటున్నాను. పొద్దున్నే బాబాయి పేపరు చదువుకోవాలి కాబట్టి అంతకంటే ముందే లేస్తున్నాను.

మీరు అడిగారు కాబట్టి చెబుతున్నాను. నాకు ఆ ఇల్లు కావాలి. మీ ఆస్తి కాదు మామయ్యగారూ, అందులో ఉండే హక్కు. ఆరేళ్ళు అక్కడ ఉన్నాను. అత్తయ్యగారికి లేచే ఓపిక పోయాక ఎత్తి కూర్చోబెట్టింది ఆ ఇంట్లోనే. చెయ్యి చేసుకున్న మనిషి తన మంచం మీద పడుకుంటున్నాడు. దెబ్బ తిన్న మనిషి పెట్టె సర్దుకుని వచ్చేసింది. ఇది తిరగబడి ఉందని నాకు రోజూ అనిపిస్తోంది.

బాబాయి నన్ను తనకి తెలిసిన అరోడా అనే లాయరు దగ్గరికి తీసుకెళ్ళారు. గృహహింస కేసు భార్య ఎక్కడ ఉంటే అక్కడ వేయవచ్చట, తాత్కాలికంగా ఉన్నా సరే. భర్త ఉండే చోటైనా వేయవచ్చట, జరిగిన చోటైనా వేయవచ్చట. "బిటియా, ఢిల్లీలో ఉన్నావు, ఢిల్లీలోనే వేసేద్దాం. గాజియాబాద్ దాకా ఎవరు పోతారు?" అన్నాడాయన. మన ఇందిరాపురం ఉన్న గాజియాబాద్ అంటే చంద్రమండలం అన్నట్టు చెయ్యి ఊపాడు.

ఒక చిక్కు వచ్చింది. పిటిషన్‌లో క్వార్టరు అడ్రసు ఇవ్వొద్దన్నారు బాబాయి. "కాగితాల మీద ఈ అడ్రసు పడిందంటే క్వార్టర్లు చూసే ఎస్టేట్ ఆఫీసు వాళ్ళు తనిఖీకి దిగుతారు తల్లీ. గది అద్దెకిచ్చానంటారు. రిటైర్‌మెంటు ముందు నాకెందుకు చెప్పు?" అన్నారు. అందుకని భావన అడ్రసు ఇచ్చాం. మా కాకినాడ అమ్మాయే, బేర్ సరాయ్‌లో గది తీసుకుని సివిల్స్‌కి చదువుతోంది. ఆ గదిలో రెండో మంచం ఖాళీగా ఉంది. కాగితాల ప్రకారం ఆ మంచం నాది.

భానుశ్రీ


ఇందిరాపురం,
22 ఫిబ్రవరి

చి. భానుశ్రీకి,

నీ ఉత్తరం చదివాను. ఒక ప్రశ్న. ఆ మంచం మీద నువ్వు ఒక్క రోజైనా పడుకున్నావా?

నేను సెక్షన్ ఆఫీసరుగా రిటైరయ్యాను. మా దగ్గరికి ఏ ఫైలు వచ్చినా మొదట చూసేది లోపల ఏముందో కాదు, ఇది మన సెక్షన్‌దేనా అని. మనది కాదని తేలితే లోపల మనిషి ప్రాణం పోతున్నా చదవక్కర్లేదు. ఆ సుఖం కోర్టులు కూడా వదులుకోవని నా అనుమానం.

మా పై అంతస్తులో ఒక లాయరు ఉన్నాడు. ఎవరి కేసని చెప్పకుండా అడిగాను. ఢిల్లీ కోర్టులోని కేసు గాజియాబాద్‌కి బదిలీ కావాలంటే సుప్రీంకోర్టు చెప్పాలట, రాష్ట్రం మారుతుంది కనుక. మనకి మాత్రం మధ్యలో ఒక నది, ఒక మెట్రో లైను. కాబట్టి మొదట వేసే చోటు చూసి వెయ్యి.

మొన్న మీ అత్తయ్య మాసికం జరిగింది. వంట పురోహితుడి భార్య చేసింది. వరుణ్ శ్రద్ధగా చేశాడు. తల్లి పేరు చెప్పవలసిన చోట పురోహితుడు రెండుసార్లు అడిగాడు. వాడి గురించి మిగతావి రాస్తున్నాను కనుక ఇదీ రాయాలి.

భీమేశ్వరరావు


ఇందిరాపురం,
25 మార్చి

చి. భానుశ్రీకి,

ఢిల్లీ కోర్టు నోటీసు వరుణ్‌కి అందిన తర్వాత మీ బాబాయి చిట్టిబాబుగారు పెద్దల్ని పిలిచి ఆదివారం నాడు క్వార్టరులో కూర్చోబెట్టారు. నీ విషయం మాట్లాడటానికి నిన్ను వంటింట్లోకి పంపారు. హాల్లో జరిగింది నీకు తెలియాలి కనుక రాస్తున్నాను.

హాజరైనవారు: మీ బాబాయి, ఢిల్లీ ద్వారక నుంచి వచ్చిన సదాశివరావుగారు, నేను, వరుణ్. సదాశివరావుగారు ఢిల్లీలో ఏ తెలుగువాళ్ళ ఇంట్లో గొడవ వచ్చినా పిలవకుండానే వస్తారు. ఈసారి పిలిచారు.

ఆయన మొదలుపెట్టారు. "కోర్టులెందుకండీ? పరాయి ఊళ్ళో ఉన్న నలుగురం. మనమే ఒక కోర్టు."

"మంచిది. ఈ కోర్టు చెప్పింది అమలు చేసేదెవరు?" అన్నాను.

"అంటే?"

"రేపు వీడు మళ్ళీ గడియ పెడితే మీరు ద్వారక నుంచి వచ్చి తీస్తారా?"

"ఎంత మాటన్నారండీ!" అని ఆయన ఉప్మా ప్లేటు కింద పెట్టారు. తర్వాత మళ్ళీ తీసుకున్నారు.

"ఏటి సూతకం ఇంకా తీరలేదు బావగారూ," అన్నారు మీ బాబాయి. "అక్కయ్యగారి ఆబ్దికం దాకా ఆగుదాం. కోడలు లేకుండా ఆ ఇంట్లో ఆబ్దికం ఏం బాగుంటుంది? అప్పటిదాకా కేసు వెనక్కి తీసుకుంటుంది. మా అమ్మాయికి నేను చెప్తాను."

"మాణిక్యాంబ తన ఆబ్దికం దాకా ఎవరినీ ఆగమనలేదు," అన్నాను.

వరుణ్ అంతవరకూ ఫోన్ చూసుకుంటూ కూర్చున్నాడు. అప్పుడు తల ఎత్తాడు. "నాన్నా, అసలు మీరు ఎవరి తరఫున వచ్చారు?"

"నీ కారులో వచ్చాను కదా," అన్నాను.

నిర్ణయం ఏమీ జరగలేదు. ఉప్మా బాగుంది. పిన్నిగారికి చెప్పు.

భీమేశ్వరరావు


ఆర్.కె. పురం,
18 ఏప్రిల్

శ్రీ భీమేశ్వరరావుగారికి,

మొన్న వాయిదా అయింది. రెండు విషయాలు బయటపడ్డాయి.

మొదటిది. కోర్టు పనిమీద ఒక కానిస్టేబుల్ బేర్ సరాయ్ వెళ్ళాడు. "ఈ పేరు గలవాళ్ళు ఇక్కడ ఎవరూ లేరు జీ, ఉన్నది చదువుకునే పిల్లలే" అని ఇంటి యజమాని రాసిచ్చాడు. వరుణ్ ఒక ఫొటో కూడా పెట్టాడు. క్వార్టరులో దివాను, దాని కింద నా సూట్‌కేసు, తాడు మీద నా చున్నీ. పెద్దలు వచ్చిన ఆదివారం వరుణ్ ఫోన్ చూసుకుంటున్నాడని మీరు రాశారు. చూసుకోవడం కాదు, ఫొటో తీశాడు. పెద్దల్ని కూర్చోబెట్టి మేమే లోపలికి పిలిచి చూపించాం. ప్రమాణం చేసి అబద్ధం అడ్రసు ఇచ్చిన మనిషి బాల్కనీ గురించి నిజం చెబుతుందని ఎందుకు నమ్మాలని వాళ్ళ లాయరు అడిగాడు. అరోడాగారు కాగితాలు సర్దుకున్నారు. బాబాయి తన క్వార్టరు ఫొటో కోర్టు ఫైల్లో ఉందని తెలిసిన దగ్గర్నుంచి అన్నం తినడం లేదు. వారంలో ఎక్కడైనా చూసుకోమన్నారు. పిన్ని ఏడుస్తూ నా బట్టలు ఇస్త్రీ చేస్తోంది.

రెండోది. ఆ ఇల్లు తనది కాదనీ, ఇంటి యజమాని అయిన తండ్రి, అరవై ఎనిమిదేళ్ళ వృద్ధుడు, కోడలి వేధింపు భరించలేక ఆమెని ఇంట్లోకి రానివ్వద్దని సీనియర్ సిటిజన్ల అర్జీలు వినే ఎస్.డి.ఎం. గారికి అర్జీ పెడుతున్నాడనీ వరుణ్ జవాబులో రాశాడు.

మీరు సంతకం పెట్టారా? అవునో కాదో రాయండి. మిగతావి అక్కర్లేదు.

భానుశ్రీ


ఇందిరాపురం,
21 ఏప్రిల్

చి. భానుశ్రీకి,

లేదు.

మిగతావి అక్కర్లేదన్నావు. అయినా రాస్తాను.

ఆ కాగితం వాడు మార్చిలోనే తెచ్చాడు. హిందీలో ఉంది. రెండుసార్లు చదివాను. అందులో నిజం ఒక్కటే, నా వయసు. "చదివాక చెప్తాను" అన్నాను. వాడు రోజూ అడుగుతున్నాడు, నేను రోజూ చదువుతున్నానని చెబుతున్నాను. సంతకం పెట్టని కాగితం గురించి నీకు ఏం రాయాలో తెలియక రాయలేదు. రాయవలసింది.

నిన్న మాత్రం వాడికి చెప్పేశాను, పెట్టనని. "కోర్టులో కొడుకుని ఒంటరిని చేస్తారా?" అన్నాడు. ఇద్దరం భోంచేశాం.

ఇప్పుడు పని సంగతి. ఢిల్లీ పిటిషన్ వెనక్కి తీసుకో. మళ్ళీ వేసుకునే అనుమతి అడిగి తీసుకోమని అరోడాగారికి చెప్పు. గాజియాబాద్‌లో వెయ్యి. దూరమని తెలుసు. మనవాళ్ళు లేరని తెలుసు. ఇక్కడి పోలీసులంటే నీకు భయమని కూడా తెలుసు. కానీ ఢిల్లీలో నువ్వు ఎక్కడ ఉంటున్నావో రుజువు చేసుకోవాలి. ఇక్కడ ఆ అవసరం లేదు. ఇల్లు ఇక్కడ ఉంది. బాల్కనీ ఇక్కడ ఉంది. ఆరేళ్ళు నువ్వు ఉన్నది ఈ అడ్రసులోనే, దాన్ని ఎవరూ కాదనలేరు.

సాక్షి కూడా ఇక్కడే ఉన్నాడు.

భీమేశ్వరరావు


బేర్ సరాయ్,
12 మే

మామయ్యగారికి నమస్కారాలు.

క్రిందటి ఉత్తరంలో మిమ్మల్ని పేరు పెట్టి రాశాను. ఆ రోజు అలాగే రాయవలసి వచ్చింది. ఏమీ అనుకోకండి.

బేర్ సరాయ్ అడ్రసు ఇప్పుడు నిజమైంది. భావన గదిలో ఆ రెండో మంచం మీదే ఉంటున్నాను. కోర్టుకి అవసరం లేని రోజున నిజమైంది. కిటికీ తెరిస్తే చెయ్యి చాపినంత దూరంలో ఎదురింటి కుర్రాడి భారత రాజ్యాంగం కనిపిస్తుంది. నిన్న వాడు "దీదీ, ఆర్టికల్ ఇరవై ఒకటి అడగండి" అన్నాడు. అడిగాను. తడుముకోకుండా చెప్పాడు, జీవించే హక్కు.

పిటిషన్ వెనక్కి తీసుకున్నాను. గాజియాబాద్ రాజ్‌నగర్ కోర్టులో త్యాగి మేడమ్ అనే లాయరు దొరికింది. అరోడాగారిలా చెయ్యి ఊపదు. నేను చెప్పేది మొత్తం విని, "ఇంట్లో వాళ్ళెవరైనా చూశారా?" అంది. మామగారు చూశారన్నాను. "చెబుతారా?" చెబుతారన్నాను. కలం కింద పెట్టి నన్ను చూసింది. "బేటీ, నేను ఇరవై ఏళ్ళుగా ఈ కేసులే చేస్తున్నాను. మామలు గుమ్మం దాకా వస్తారు. లోపలికి వచ్చాక ఎవరికీ ఏమీ గుర్తుండదు," అంది.

మిమ్మల్ని ఏం అడుగుతారో మీకు తెలుసా? బాల్కనీ గురించి మాత్రమే కాదట. ఇల్లు మీది కాబట్టి అందులో ఎవరు ఉండాలో కూడా అడుగుతారట. నన్ను ఇంట్లో పెట్టాలంటే వరుణ్‌ని బయటికి పంపమని అడగాల్సిందేనని మేడమ్ అంటోంది. ఒకే కప్పు కింద వద్దంది. నేను ఒప్పుకున్నాను.

ఇప్పటికైనా మీరు వద్దనుకుంటే చెప్పండి. నేను కోపగించుకోను. కోపం వచ్చినా మీకు రాయను.

భానుశ్రీ


ఇందిరాపురం,
10 జులై

చి. భానుశ్రీకి,

నిన్న వాయిదా జరిగింది. నువ్వూ అక్కడే ఉన్నావు కనుక వివరాలు అవసరం లేదు. ఉత్తర్వు శుక్రవారం అన్నారు.

బయటికి వచ్చాక నువ్వు నా వైపు రావడం చూశాను. ఆగలేదు. వరుణ్ కారు తీసుకుని గేటు దగ్గర ఉన్నాడు. ఇద్దరం వెళ్ళవలసింది ఒకే ఇంటికి.

దారిలో మోహన్‌నగర్ దగ్గర ట్రాఫిక్‌లో చాలాసేపు ఆగిపోయాం. ఎండగా ఉంది. వాడు నీళ్ళ సీసా మూత తీసి ఇచ్చాడు. తాగాను.

భీమేశ్వరరావు


బేర్ సరాయ్,
14 జులై

మామయ్యగారికి,

వివరాలు అవసరం లేదని రాశారు. మీరు రాయనివి నేను రాస్తాను. ఒక చోట రాసి ఉండాలి.

వాళ్ళ లాయరు మిమ్మల్ని, "గాలికి తలుపు పడలేదని మీరు ఎలా చెప్పగలరు? మీరు అక్కడ లేరు కదా?" అన్నాడు.

మీరు, "గాలికి తలుపు పడుతుంది. గడియ పడదు," అన్నారు.

"సొంత కొడుకు మీద సాక్ష్యం చెబుతున్నారని తెలుసా మీకు?"

"గడియ గురించి చెబుతున్నాను."

వెనక ఎవరో నవ్వారు. మేజిస్ట్రేట్ మేడమ్ నవ్వలేదు. తనే అడిగింది. "బాబూజీ, ఇల్లు మీదే కదా. బహూ అక్కడ ఉండటానికి మీకు అభ్యంతరం ఉందా?"

"లేదు."

"కొడుకు ఉండటానికి?"

మీరు బోను అంచు పట్టుకున్నారు. పక్కన త్యాగి మేడమ్ ఫైలు మూసేసింది, ఇక అయిపోయిందన్నట్టు. ఆ రోజంతా మొదటిసారి వరుణ్ తల ఎత్తి మీ వైపు చూశాడు. చిన్నపిల్లాడు చూసినట్టు చూశాడు. మీరు కూడా వాడినే చూస్తూ చెప్పారు.

"జీ, హై." ఉందన్నారు.

శుక్రవారం ఉత్తర్వు వచ్చింది. కేసు తేలేదాకా నేను ఆ ఇంట్లో ఉండవచ్చు. వరుణ్ రెండు వారాల్లో ఖాళీ చేయాలి, ఆ గడప తొక్కకూడదు. కాగితం చేతికి వచ్చాక త్యాగి మేడమ్ నా భుజం తట్టి మిఠాయి ఏది అంది. కొనిపెట్టాను. నేను తినలేకపోయాను.

నేను వెళ్ళడం మానేస్తే వరుణ్ మీ దగ్గరే ఉంటాడు కదా అని ఒక రోజంతా ఆలోచించాను. తర్వాత మానేశాను. వస్తాను. కానీ వచ్చేముందు ఒకటి అడగాలి. రోజూ నేను కంటి ముందు తిరుగుతుంటే, వాడు అక్కడ లేడని మీకు రోజూ గుర్తొస్తుంది. మీరు ఉండగలరా?

భానుశ్రీ


ఇందిరాపురం,
29 జులై

చి. భానుశ్రీకి ఆశీస్సులు.

వరుణ్ శుక్రవారం వెళ్ళాడు. నోయిడాలో ఆఫీసుకి దగ్గరగా ఒక గది తీసుకున్నాడు. పెట్టెలు మూడు. రెండు వాడు తీసుకెళ్ళాడు, ఒకటి నేను కింద దాకా మోశాను. లిఫ్టులో మా సొసైటీ సెక్రటరీ కలిసి, "ట్రాన్స్‌ఫర్ హువా క్యా, బేటే కా?" అన్నాడు. అవును, బదిలీయే అన్నాను.

కారు ఎక్కేముందు వాడు, "అమ్మ ఆబ్దికం ఎక్కడ?" అని అడిగాడు. ఈ ఇంట్లోకి వాడు రాకూడదు. ఇది ఏ కోర్టులో తేలుతుందో నాకు తెలియదు. "నువ్వు ఎక్కడ పెడితే అక్కడికి వస్తాను" అన్నాను. నోయిడాలో పెడతానన్నాడు. నిన్ను తీసుకురావద్దని వాడు అనలేదు. తీసుకొస్తానని నేనూ అనలేదు.

వెళ్ళేటప్పుడు కాళ్ళకి దండం పెట్టాడు. తను చేసినదాని గురించి ఏమీ అనలేదు. నేనూ అడగలేదు. ఒకసారి కారు ఆపాడు, ఏదో మరిచిపోయాడనుకున్నాను. ఆగి, వెళ్ళిపోయాడు.

నువ్వు అడిగినదానికి సమాధానం. నిన్ను చూస్తే వాడు గుర్తొస్తాడు. నిన్ను చూడకపోయినా గుర్తొస్తాడు. కనుక దాన్ని బట్టి నిర్ణయించేది ఏమీ లేదు.

ఆదివారం రా. పెద్ద గది కడిగించాను. బాల్కనీ తలుపుకి ఉన్న ఆ గడియ తీయించేశాను. వడ్రంగి, "మరి కోతులు వస్తాయి అంకుల్" అన్నాడు. రానిమ్మన్నాను.

నువ్వు వచ్చాక ఉత్తరాలతో పని ఉండదు. ఎదురెదురుగా కూర్చుని మాట్లాడుకోవాలి. అందులో నాకు అలవాటు తక్కువ. ఇంట్లో మీ అత్తయ్య మాట్లాడేది, నేను వినేవాణ్ణి.

నువ్వు మొదలుపెట్టు.

మీ మామయ్య,
భీమేశ్వరరావు